స్టానిస్లాస్ పేరుకు అర్థం ఏంటి? జేజినాయన పేరు కొడుక్కి పెట్టాలనుకుంటున్నాం

పెన్నా ఒడ్డు, కడప:

అందరికీ నమస్కారం. మాకు పోయిన నెల బాబు పుట్టాడు, పేరు దగ్గర ఇంట్లో పెద్ద చర్చ నడుస్తోంది. మాది కడప పక్కన పల్లె, తాతల కాలం నుంచి కతోలిక కుటుంబం. మా జేజినాయన పేరు స్తనిస్లాసు. ఆ పేరు రేషన్ కార్డులో ఒక రకంగా, పొలం పాసుబుక్కులో ఇంకో రకంగా, గుడిలో జ్ఞానస్నానం రిజిస్టరులో మరో రకంగా రాసి ఉంటుంది. ఊళ్లో మాత్రం చిన్నాపెద్దా అందరికీ ఆయన తనిసయ్యే. మా జేజి ఇంకా ఉంది, మునిమనవడికి ఆయన పేరే పెట్టాలని ఆమె కోరిక. నోరు తెరిచి ఎప్పుడూ ఏదీ అడగని మనిషి, ఈ ఒక్కటి అడిగింది, నాకూ పెట్టాలనే ఉంది.

నా భార్య వద్దనడం లేదు. కానీ అర్థం తెలియకుండా పేరెట్లా పెడతాం, రేపు వాడు బడి నుంచి వచ్చి నా పేరుకు అర్థం ఏంది నాన్నా అంటే ఏం చెప్తావ్ అని అడుగుతోంది, అదీ న్యాయమే కదా. మా మామ ఇంగ్లీషు పేరంటాడు, చిన్నాయన లాటిన్ అంటాడు, విచారణ గురువులను (మా చర్చి ఫాదర్‌ను) అడిగితే పోలండ్ పునీతుడి పేరని చెప్పారు కానీ అర్థం దాకా పోలేదు. నెట్లో వెతికితే ఒకచోట 'కీర్తి పొందేవాడు' అని ఉంది, ఇంకోచోట 'దండు విడిది' అని ఉంది, ఏది నమ్మాలో తెలియడం లేదు.

అసలు ఇది ఏ భాష పేరు, సరైన అర్థం ఏంటి, పోలండ్ ఎక్కడ మా పల్లె ఎక్కడ, ఇక్కడిదాకా ఎట్లా వచ్చింది? ఈ కాలంలో పిల్లోడికి పెట్టదగ్గ పేరేనా అన్నది కూడా మొహమాటం లేకుండా చెప్పండి. ఈ ఆదివారం కాకపోతే వచ్చే ఆదివారం జ్ఞానస్నానం పెట్టుకోవాలి, టెన్షన్‌గా ఉంది.

ఉపదేశి మనవరాలు, కర్నూలు:

ముందు బాబుకు దీవెనలు అన్నా. మా తాత ఉపదేశిగా పల్లెపల్లె తిరిగిన మనిషి, ఆయన పక్కన కూర్చుని ఆ పాత రిజిస్టర్లు తిరగేసినదాన్ని, కాబట్టి మీ ఊరికి ఎట్లా వచ్చిందనే ముక్క నేను చెప్తా. అర్థం సంగతి తెలిసినవాళ్లు చెప్పనీ.

మన వైపు పాత కుటుంబాల్లో ఈ పేరు ఉందంటే అది చాలావరకు పునీత స్టానిస్లాస్ కోస్ట్కా పేరు, యేసు సభ (జెసూయిట్) గురువుల దారిలో వచ్చింది. ఆయన 1550లో పోలండ్‌లో రోస్ట్కోవో అనే ఊళ్లో పెద్ద దొరల ఇంట్లో పుట్టాడు. అన్నతో పాటు వియన్నాకు చదువుకు పంపారు. అక్కడ యేసు సభలో చేరతానని పట్టుబట్టాడు, తండ్రి అనుమతి లేకుండా చేర్చుకుంటే ఎంత గొడవవుతుందోనని అక్కడి గురువులు వెనకాడారు. 1567 ఆగస్టులో ఒకరోజు మంచి బట్టలు విప్పి ఇచ్చేసి, ముతక గుడ్డలు వేసుకుని, ఎవరికీ చెప్పకుండా నడక మొదలుపెట్టాడు. అట్లా నడిచి జర్మనీలోని డిలింగెన్ చేరితే అక్కడ పీటర్ కనీసియస్ అనే గొప్ప గురువు (తర్వాత ఆయనా పునీతుడయ్యాడు) ముందు పరీక్ష పెట్టాడు. కాలేజీ పిల్లలకు వడ్డించడం, గదులు ఊడ్వడం, అదీ పని. దొరబిడ్డ, చీపురు పట్టుకుని ఆ పనంతా ఇష్టంగా చేశాడు. అక్కణ్ణుంచి రోము పోయి అదే ఏడాది సభలో చేరాడు. ఏడాది తిరక్కుండానే 1568 ఆగస్టు 15న జ్వరంతో చనిపోయాడు. మరియమాత మోక్షారోపణ పండుగ రోజది. అప్పటికి పద్దెనిమిదేళ్లు కూడా నిండలేదు.

1726లో ఆయన్నీ అలోషియస్ గొంజాగానీ ఒకేసారి పునీతులుగా ప్రకటించారు. ఇద్దరూ చిన్నవయసులో పోయినవాళ్లే, అందుకే యేసు సభ బడులున్న ప్రతిచోటా ఈ రెండు పేర్లూ జంటగా తిరిగాయి. అన్నకు అలోషియస్, తమ్ముడికి స్టానిస్లాస్ అని పెట్టుకున్న ఇళ్లు మా చుట్టుపక్కల నేనే చూశా. ఫ్రెంచి దేశపు యేసు సభ గురువులు కర్ణాటక మిషన్ పేరుతో 18వ శతాబ్దం మొదట్లోనే మన సీమకు వచ్చారు, పుంగనూరు, అనంతపురం వైపు కృష్ణాపురం వాళ్ల పాత కేంద్రాలు. 1773లో యేసు సభనే రోము రద్దు చేయడంతో వాళ్ల తర్వాత వేరే సభలవాళ్లు వచ్చారు, పేర్లు మాత్రం జనం నోట్లో ఉండిపోయాయి.

ఇంకో సంగతి గమనించారా? మనవాళ్లు కొన్ని పేర్లకు అర్థం చూసి తెలుగు చేసుకున్నారు. పేతురు అంటే రాయి, అందుకని రాయప్ప. పౌలు అంటే చిన్నవాడు, అందుకని చిన్నప్ప. కొన్నిటికి శబ్దం మాత్రమే తీసుకున్నారు, క్సేవియర్ శౌరి అయ్యాడు, ఇగ్నేషియస్ ఇన్నాసి, ఇన్నయ్య అయ్యాడు. స్టానిస్లాస్‌కు అర్థం చెప్పేవాళ్లు లేక అట్లనే నోటికొచ్చినట్టు తనిసయ్య అయిపోయింది. అందుకే మీ ఇంట్లో ఎవరికీ అర్థం తెలియదు, అది మీ తప్పేం కాదు.

కోస్ట్కా పండుగ నవంబరు 13. పాతకాలంలో బిడ్డ పుట్టిన రోజుకు దగ్గర్లో ఏ పునీతుడి పండుగ పడితే ఆ పేరు పెట్టడం మామూలు. మీ జేజినాయన జ్ఞానస్నానం తేదీ ఒకసారి చూడండి, నవంబరు అయితే ఇంక అనుమానం లేదు.

ఫ్రాంకివ్స్క్ డాక్టర్, అనంతపురం:

అన్నా, మీ టైటిల్ చూసి ఆగిపోయా. నేను ఎంబీబీఎస్ చదివింది ఉక్రెయిన్‌లో ఇవానో-ఫ్రాంకివ్స్క్ అనే ఊళ్లో, 2022లో యుద్ధం మొదలైనప్పుడు బ్యాగు భుజాన వేసుకుని సరిహద్దు దాటి వచ్చినవాళ్లలో నేనూ ఒకణ్ణి. ఆ ఊరి పాత పేరే స్టానిస్లావివ్. 1662లో పొటోట్స్కీ అనే పోలండ్ దొరల వంశం కట్టిన కోట ఊరది, వాళ్ల ఇంటి స్టానిస్లావ్ పేరే ఊరికి పెట్టారు. సరిగ్గా మూడు వందల ఏళ్లకు, 1962లో, సోవియట్ ప్రభుత్వం ఇవాన్ ఫ్రాంకో అనే రచయిత పేరు మీదికి మార్చింది. మన సీమ నుంచి అక్కడ చదివినవాళ్లు చాలామంది ఉన్నారు, వాళ్లందరూ మీ జేజినాయన పేరు మోసిన ఊళ్లోనే తిరిగారన్నమాట.

భాష సంగతి: ఇది ఇంగ్లీషూ కాదు, లాటినూ కాదు. స్లావ్ జాతుల సొంత పేరు. రష్యన్లు, ఉక్రెయిన్ వాళ్లు, చెక్ వాళ్లు అందరూ స్టానిస్లావ్ అంటారు. పోలండ్‌లో అదే పేరు స్తానీస్వాఫ్ అని వినపడుతుంది, అక్షరాలు చూసి చదివితే మనకు అట్లా రాదు. చర్చి పుస్తకాల్లో లాటిన్ పద్ధతికి మార్చి స్టానిస్లావుస్ అన్నారు, ఫ్రెంచివాళ్లు స్టానిస్లాస్ అన్నారు. మీ చిన్నాయన లాటిన్ అన్నది ఆ చివరి తోక చూసి. ఉపదేశి మనవరాలు అక్క చెప్పినట్టు ఫ్రెంచి గురువుల దారిలో వచ్చి ఉంటే మీకు 'స్లాస్' అని రావడం సరిగ్గా సరిపోతుంది.

రెండు ముక్కల పేరు. స్టాని, స్లావ్. మొదటిదానికి నిలవడం, అవ్వడం అనే రెండు అర్థాలూ ఉన్నాయి, రెండోది కీర్తి. కీర్తిమంతుడు అవ్వాలి, కీర్తిలో నిలవాలి అని బిడ్డకు చెప్పే దీవెన. 'దండు విడిది' అని మీరు చూసింది కూడా ఊరికే పుట్టలేదు, రష్యన్‌లో స్తాన్ అంటే నిజంగానే విడిది, జనం ఆగి నిలిచిన చోటు. వేరు ఒకటే, కానీ మనిషి పేరులో ఆ అర్థం లేదు.

ఇంట్లో ఎవరూ ఇంత పొడుగు పేరు పెట్టి పిలవరు. స్తాస్, స్తాసిక్, లేదంటే స్లావా, స్లావ్కో. పోలండ్‌లో స్తాషెక్. మా హాస్టల్ కింద ఒక పిల్లోడు మంచులో ఆడుకుంటా ఉంటే వాళ్లమ్మ పై అంతస్తు కిటికీ సగం తెరిచి 'స్తాసికూ!' అని కేకేసేది, వాడు వినపడనట్టే ఉండేవాడు, ఆమె మళ్లీ గట్టిగా సాగదీసేది. మనం పిలిచేటప్పుడు రాముడు అనకుండా రాముడా అన్నట్టు, వాళ్లకూ పిలుపులో పేరు చివర మారుతుంది. ఆ కేక వింటే మన వీధిలో ఉన్నట్టే ఉండేది.

పెట్టండన్నా, చాలా మంచి పేరు.

తెలుగు మాస్టారు, ప్రొద్దుటూరు:

డాక్టరు బాబు రెండు ముక్కలుగా విడదీశాడు కాబట్టి నా పని తేలికైంది. ఆ రెండు ముక్కలకూ సంస్కృతంలో అక్కచెల్లెళ్లు ఉన్నాయి. తెలుగు వేరే కుటుంబం భాష, దానికీ స్లావ్ భాషలకూ పుట్టు సంబంధం లేదు, అది ముందే చెప్పాలి, లేకపోతే ప్రపంచంలో అన్ని పేర్లూ మనవే అనేవాళ్లు బయల్దేరతారు. సంస్కృతానికీ స్లావ్ భాషలకూ మాత్రం మూలం ఒకటే. వ్యాకరణాలు పోల్చి పండితులు రెండు వందల ఏళ్ల నుంచి నిలబెట్టిన విషయం ఇది.

స్టాని అన్నదానిలో ఉన్నది మన 'స్థా' ధాతువే. స్థానం, స్థితి, స్థిరం అన్నీ దానిలోంచి వచ్చినవే. స్లావ్ అన్నదానికి జోడు మన 'శ్రవస్సు'. శ్రు అంటే వినడం, శ్రవణం, శ్రుతి మనకు తెలిసినవే. నలుగురూ చెప్పుకోగా వినపడేది ఏదో అదే కీర్తి, కాబట్టి వేదభాషలో శ్రవస్సు అంటే కీర్తి. స్లావ్ భాషల్లోనూ అంతే, అటు వినడం అనే మాట, ఇటు కీర్తి అనే స్లావా, రెండూ ఒకే వేరు. గ్రీకులో అదే మాట క్లెయోస్ అయింది. సోఫోక్లీస్, పెరిక్లీస్ పేర్ల చివర ఉన్నది అదే.

ఇది పుస్తకాల్లో మాత్రమే ఉండే సంగతి అనుకోకండి, మీరు చెవులారా విన్నదే. గుళ్లో శాంతిమంత్రం చదువుతారు, 'స్వస్తి న ఇంద్రో వృద్ధశ్రవాః' అని. వృద్ధశ్రవాః అంటే పెరిగిన కీర్తి గలవాడు, ఇంద్రుడికి విశేషణం. రెండు ముక్కలు, చివర శ్రవస్సు. స్టానిస్లావ్, యారోస్లావ్, మిరోస్లావ్ అన్నీ ఇదే అచ్చు. రావణుడి తండ్రి పేరు విశ్రవసుడు, విశేషమైన కీర్తి గలవాడు. ఆయన కొడుకు కాబట్టే కుబేరుడికి వైశ్రవణుడని పేరు, మంత్రపుష్పంలో 'నమో వయం వైశ్రవణాయ కుర్మహే' అని రోజూ హారతి వేళ వినేదే.

చదువు చెప్పినన్నాళ్లూ ఈ శ్రవస్సు మాట పిల్లలకు చెప్పేటప్పుడు నాకు ఒళ్లు పులకరించేది. ఎక్కడో పోలండ్‌లో విస్తులా నది ఒడ్డున తల్లి బిడ్డకు పెట్టిన పేరూ, ఇక్కడ ఋషి ఇంద్రుణ్ణి పిలిచిన పేరూ ఒకే పద్ధతిలో అల్లుకుని ఉండడం మామూలు విషయం కాదు నాయనా. మీ అమ్మాయిని, అంటే మీ ఇంటావిడను, నిశ్చింతగా ఉండమనండి. కీర్తిలో నిలిచేవాడు. ఇంతకంటే మంచి అర్థం ఏ పేరుకు ఉంటుంది?

పెన్నా ఒడ్డు, కడప:

మాస్టారూ, అక్కా, డాక్టర్ తమ్ముడూ, అందరికీ దండాలు. ఇదంతా నా భార్యకు చదివి వినిపించా, వృద్ధశ్రవాః దగ్గర ఆమె మళ్లీ చదవమంది. రిజిస్టరు ఇంకా చూడలేదు, రేపు గుడికి పోతా.

ఒక చిక్కు మిగిలింది. మా బంధువుల్లో ఒకాయన, స్టానిస్లాస్ అంటే రాజు చేతిలో నరికించుకున్న బిషప్పు, అట్లాంటి పేరు శుభం కాదు అన్నాడు. అక్క చెప్పిన కోస్ట్కా జ్వరంతో పోయాడు కదా. ఇద్దరున్నారా?

కోట వీధి, కర్నూలు:

ఇద్దరున్నారు. ఆయన చెప్పింది పెద్ద స్టానిస్లాస్ గురించి, క్రాకొవ్ బిషప్పు. కోస్ట్కాకు ఆ పేరు వచ్చిందే ఆయన వల్ల, పోలండ్‌లో ఈ పేరు ఇన్ని వందల ఏళ్లు బతికిందే ఆయన వల్ల. కాబట్టి అశుభం అనే మాట పక్కన పెట్టి కథ వినండి.

షెపనోవ్ అనే ఊరివాడు, 1072లో క్రాకొవ్ బిషప్పు అయ్యాడు. రాజు రెండో బోలెస్లావ్. వీళ్లిద్దరికీ పడలేదు, 1079 ఏప్రిల్ 11న బిషప్పును చంపేశారు. స్కాల్కా గుట్ట మీది గుడిలో దివ్యపూజ చేస్తుండగా రాజే స్వయంగా నరికాడని సంప్రదాయం చెప్తుంది. ఆ తర్వాత రాజుకు దేశంలో నిలవనీడ లేక హంగరీకి పారిపోయాడు, అక్కడే పోయాడు. (బోలెస్లావ్ అంటే మిక్కిలి కీర్తి గలవాడని. చంపినవాడి పేరులోనూ చచ్చినవాడి పేరులోనూ మాస్టారు చెప్పిన శ్రవస్సే ఉంది.)

ఎందుకు చంపాడు అన్నదాని మీద చరిత్రకారులు ఇప్పటికీ కొట్టుకుంటున్నారు. గాలుస్ అనే పాత చరిత్రకారుడు 12వ శతాబ్దం మొదట్లో రాసినదాంట్లో బిషప్పును ద్రోహి అనే మాటతోనే చెప్పాడు, అట్లని రాజు చేసిన పనినీ మెచ్చుకోలేదు. రాజు దుర్మార్గాన్ని బిషప్పు నిలదీశాడు అనే కథ వంద ఏళ్ల తర్వాత కద్లుబెక్ అనే ఇంకో చరిత్రకారుడి రాతల్లో వస్తుంది. నా మటుకు నాకు, రాజు ముందు తలవంచని మనిషి అన్నంతవరకు ఇద్దరి మాటా ఒకటే అనిపిస్తుంది, అది చాలు.

ఆయన మీద ఒక గాథ ఉంది, మన సీమవాళ్లకు ఇట్టే పడుతుంది, ఎందుకంటే అది పొలం తగాదా. విస్తులా ఒడ్డున పియోత్ర్ అనే ఆసామి దగ్గర బిషప్పు గుడి కోసం భూమి కొన్నాడు. డబ్బు ఇచ్చాడు, కాగితం లేదు. ఆసామి చనిపోయాడు. మూడేళ్లకు వారసులు వచ్చి భూమి మాది, నువ్వెప్పుడు కొన్నావ్ అని రాజు ముందు పంచాయితీ పెట్టారు, సాక్షులు భయపడి నోరు విప్పలేదు. బిషప్పు మూడు రోజులు గడువు అడిగాడు, ఉపవాసం ఉండి ప్రార్థన చేశాడు, సమాధి తవ్వించి పియోత్ర్‌ను లేపి నడిపించుకుంటూ రాజసభకు తీసుకొచ్చాడు. నేను అమ్మాను, డబ్బు ముట్టింది అని చచ్చిన మనిషి సాక్ష్యం చెప్పాడు. ఇంకొన్నాళ్లు బతుకుతావా అని బిషప్పు అడిగితే వద్దని, తిరిగి సమాధిలోకి పోయాడట. పాత చిత్రపటాల్లో బిషప్పు పక్కన తెల్లగుడ్డ చుట్టుకుని నిలబడిన మనిషి కనిపిస్తే అది ఈ పియోత్రే.

1253లో పునీతుడిగా ప్రకటించారు. అప్పుడు పోలండ్ ముక్కలుముక్కలుగా, ఒక్కో ముక్కకు ఒక్కో రాజుగా ఉంది. బిషప్పు శరీరాన్ని ముక్కలు చేసి పారేస్తే అవన్నీ మళ్లీ వాటంతట అవే అతుక్కున్నాయని గాథ, అట్లనే దేశమూ అతుక్కుంటుందని జనం నమ్మారు. ఆయన సమాధి క్రాకొవ్‌లో వావెల్ గుట్ట మీది పెద్ద గుడి నడుమ వెండి పేటికలో ఉంది. ఏటా మే నెలలో అక్కణ్ణుంచి స్కాల్కా దాకా ఊరేగింపు పోతుంది. పోలండ్‌లో మే 8 ఆ పేరున్నవాళ్లందరి పండుగ, పుట్టినరోజు కంటే పేరుపండుగ గొప్పగా చేసుకునే పెద్దవాళ్లు ఇప్పటికీ ఉన్నారు.

అసలు విషయం ఇక్కడుంది. ఈ పేరు క్రైస్తవం కంటే పాతది. పోలండ్ 966లో జ్ఞానస్నానం తీసుకుంది, ఇట్లా రెండు ముక్కలు కలిపి బిడ్డకు దీవెనగా పేరు పెట్టడం దానికి ముందు నుంచీ ఉన్న అలవాటు. తర్వాత బైబిలు పేర్లు, పునీతుల పేర్లు వచ్చేసరికి పాత దేశీ పేర్లు ఎన్నో మరుగున పడిపోయాయి. పునీతుడు ఉన్న దేశీ పేరు మాత్రం మిగిలింది. స్టానిస్లాస్ అట్లా మిగిలిన పేరు. ఇద్దరు రాజులు కూడా ఈ పేరువాళ్లు. లెష్చిన్‌స్కీ సింహాసనం పోగొట్టుకుని ఫ్రాన్సులో లొరేన్ ప్రాంతానికి డ్యూక్ అయ్యాడు, నాన్సీ పట్టణంలో ఆయన కట్టించిన చౌరస్తాను ఇప్పటికీ స్టానిస్లాస్ చౌరస్తా అనే అంటారు. రెండో ఆయన పోన్యతోవ్‌స్కీ, పోలండ్ చివరి రాజు, ఆయన కాలంలోనే 1791 మే 3న రాజ్యాంగం వచ్చింది, 1795కల్లా దేశమే మ్యాపులో లేకుండా పోయింది.

నైట్ డ్యూటీ, కడప:

పెద్దవాళ్లు పాతకాలం చెప్పారు, నేను మన కాలం మనిషిని ఒకణ్ణి చెప్తా. స్టానిస్లావ్ పెత్రోవ్. సోవియట్ సైన్యంలో లెఫ్టినెంట్ కల్నల్. 1983 సెప్టెంబరు 26 అర్ధరాత్రి దాటాక మాస్కో దగ్గర బంకర్‌లో డ్యూటీలో ఉన్నాడు. ఉపగ్రహాల నుంచి హెచ్చరిక, అమెరికా ఒక క్షిపణి వదిలిందని. తర్వాత ఇంకో నాలుగు. పైవాళ్లకు దాడి అని చెప్తే ఏం జరిగేదో ఊహించుకోండి. నిజంగా యుద్ధమే మొదలుపెడితే ఐదే ఎందుకు వదులుతారు, ఇది యంత్రం పొరపాటు అని ఆయన నిలబడ్డాడు, పైకి అదే చెప్పాడు. తర్వాత తేలింది, ఎత్తు మేఘాల మీద పడిన ఎండ మెరుపును ఉపగ్రహం క్షిపణి అనుకుంది.

నేను పవర్ ప్లాంట్‌లో రాత్రి షిఫ్టులు చేసేవాణ్ణి, అలారం మోగినప్పుడు చేతులు ఎట్లా వణుకుతాయో తెలుసు. కీర్తిలో నిలవడం అంటే నాకు ఆయనే గుర్తొస్తాడు. ఆయన పేరు చెప్పండి మీ వాడికి, చాలు.

టెన్నిస్ చూసే పిల్లలకైతే స్టాన్ వావ్రింకా ఉన్నాడు, ఆయన పూర్తి పేరు స్టానిస్లాసే, మూడు గ్రాండ్‌స్లామ్‌లు గెలిచాడు.

మూడో తరగతి టీచర్, ఆదోని:

అందరూ పెట్టండి పెట్టండి అంటున్నారు, నేను కూడా వద్దనను, కానీ రోజూ హాజరు పిలిచేదాన్ని కాబట్టి రెండు మాటలు. పేరు గొప్పదే, దాన్ని తెలుగులో రాసే తీరు దగ్గర జాగ్రత్త పడకపోతే బిడ్డ పదేళ్లు ఏడుస్తాడు. మీరు పైన రాసినట్టు 'స్త' పెట్టి రాయొద్దు. తెలుగులో అట్లా మొదలైతే పిల్లలు ఆ మాటను ఎటు తిప్పుతారో నేను చెప్పక్కర్లేదు, ఐదో తరగతికి వచ్చేసరికి ఆ బిడ్డ పేరు చెప్పడానికే సిగ్గుపడతాడు. స కింద ట ఒత్తు, దీర్ఘం, 'స్టా' అని రాయండి. స్టానిస్లాస్. అన్నిచోట్లా అదే రాయండి.

మీ జేజినాయనకు మూడు కాగితాల్లో మూడు రకాలుగా ఉందన్నారు, మీ వాడికి అట్లా కానివ్వకండి. ఇంగ్లీషు స్పెల్లింగ్ కూడా ఇప్పుడే కాగితం మీద రాసుకుని, భార్యాభర్తలిద్దరూ ఒప్పుకుని, జనన ధ్రువపత్రం, ఆధార్, జ్ఞానస్నానం రిజిస్టరు మూడింట్లోనూ అక్షరం తేడా లేకుండా ఉండేలా చూడండి. చర్చివాళ్లు లాటిన్ పద్ధతిలో చివర 'వుస్' వచ్చేలా రాసే అవకాశం ఉంది, ముందే చెప్పి పెట్టండి. తర్వాత పదో తరగతి సర్టిఫికెట్‌లో ఒక రకం, ఆధార్‌లో ఒక రకం ఉంటే ఆ తిరుగుడు ఎంత నరకమో మా బడికి వచ్చే తల్లిదండ్రులను చూస్తే తెలుస్తుంది.

ఇంకోటి, పేరు పెట్టడానికి ఈ ఆదివారమే అని కంగారు పడకండి. జననం రిజిస్టరు అయి ఉంటే పేరు ఏడాదిలోపు ఫీజు లేకుండా చేర్చుకోవచ్చు, ఆ తర్వాత కూడా ఆలస్య రుసుం కట్టి పదిహేనేళ్ల వరకు చేర్చుకునే వీలుంది. మార్చడం కష్టం గానీ చేర్చడం సులువు. కాబట్టి తొందరపడి తప్పు రాయించే బదులు నాలుగు రోజులు ఆలోచించి సరిగ్గా రాయించండి.

పిలవడానికి స్టాన్ బాగుంటుంది, బడిలో ఏ టీచరుకూ నోరు తిరగకపోవడం ఉండదు.

పెన్నా ఒడ్డు, కడప:

టీచరమ్మా, స్త, స్టా సంగతి మా ఇంట్లో ఒక్కరికీ తట్టలేదు, మా జేజినాయన పేరు అందరూ తనిసయ్య అనేవాళ్లు కాబట్టి మాకు ఆ ఇబ్బంది ఎప్పుడూ రాలేదు. సరైన టైముకు చెప్పారు.

గుడికి పోయి వచ్చా. పాత రిజిస్టరు అంచులు చెదలు తినేసినాయి, అయినా పేజీ దొరికింది. జ్ఞానస్నానం నవంబరు 15, పేరు లాటిన్‌లో రాసి ఉంది, పక్కన జ్ఞానతండ్రి వేలిముద్ర. ఉపదేశి మనవరాలు అక్క చెప్పినట్టు కోస్ట్కానే. ఫోన్లో ఫోటో తీసుకుని జేజికి చూపించా, ఆమెకు చదువు రాదు, ఏ అక్షరాలు ఆయన పేరో వేలు పెట్టి చూపించమంది.

నా భార్య ఒప్పుకుంది. తెలుగులో స్టానిస్లాస్, ఇంగ్లీషులో ఫ్రెంచి పద్ధతి స్పెల్లింగ్, చివర 'వుస్' లేకుండా. విచారణ గురువులతో మాట్లాడా, రిజిస్టరులో కూడా అట్లే రాస్తామన్నారు. జ్ఞానస్నానం వచ్చే ఆదివారం. డాక్టర్ తమ్ముడూ, ఇంట్లో పిలవడానికి స్తాసు అంటే వాళ్ల పద్ధతికి తప్పవుతుందా?

ఫ్రాంకివ్స్క్ డాక్టర్, అనంతపురం:

ఏం తప్పు కాదన్నా. వాళ్లు స్తాస్ అంటారు, చివర ఉకారం మన తెలుగు చేర్చుకుంటుంది, అంతే. ముద్దుగా పిలవాలంటే స్తాసికూ అనండి.